ముందు మీ నాయన పేరుకు మానీ చెప్పండి, సార్



మా ఊళ్లో ఒక లీడర్ సాబ్ ఉన్నారు. పేరు రాయను. భయపడి కాదు. ఇలాంటి సాబ్ ఇప్పుడు ఊరికొకరున్నారు, మీ ఊరాయన పేరు మీరే వేసుకుని చదువుకోండి. పదేళ్లలో ఈయన చేసిన మూడు ప్రచారాలు దగ్గరుండి చూశాను. మూడింట్లోనూ మా పేర్ల సంగతి వచ్చింది. మోరీల గురించి ఒక్కసారి మాట్లాడారు. ఉర్దూ స్కూల్లో లెక్కల టీచర్ లేడన్న మాట ఒక్కసారి కూడా రాలేదు.

మొదటిది 2014 మార్చి, మునిసిపల్ ఎలక్షన్లు. మగ్‌రిబ్ నమాజ్ అయ్యాక మస్జిద్ గల్లీ చివర కుర్చీలు వేశారు. సాబ్ నెత్తిన టోపీ, మెడలో పచ్చ కండువా. "నేను వేరే, మీరు వేరేనా భాయ్? మా నాయన పేరు చూడండి. మా జేజికి పిల్లలు నిలవకపోతే దర్గాకు మొక్కుకునింది. పుట్టినోడికి ఆ పీరు పేరే పెట్టింది. మా ఇంట్లో సగం మీదే" అన్నారు. మా అమ్మీ ఈడు ఆడవాళ్లు కళ్లు ఒత్తుకున్నారు. నేనూ కరిగిపోయానని ఒప్పుకుంటున్నా. ఎందుకంటే ఆ మాట అబద్ధం కాదు. ఆయన నాయన పేరులో ముందు సగం దర్గాది, వెనక సగం కులానిది. ఆ పెద్దమనిషి పోయి చాలాకాలమైంది, ఎవరికీ చెడు చెయ్యలేదు. అందుకే ఆ పేరూ రాయడం లేదు.

ఆ ఎలక్షన్లో గోడలకు ఉర్దూ పోస్టర్లు కూడా వేయించారు. "మీ ఖాదిమ్" అని కింద సంతకం. ప్రెస్సువాడు ఖే మీద నుక్తా వెయ్యడం మర్చిపోయాడు. నుక్తా పోతే అది చెవికి "హాదిమ్" అవుతుంది. అక్షరం వేరే అనుకోండి, వినడానికి మాత్రం కూల్చేవాడు అని. ఉర్దూ మీడియం చదువు నాకు ఉద్యోగం ఇవ్వలేదు గానీ, ఇలాంటి నవ్వులు చాలా ఇచ్చింది. ఆ రోజు నవ్వాను. ఇప్పుడు ఆ ప్రెస్సువాడు వలీ ఏమో అని అనుమానం.

రెండోది 2021 మార్చి, మళ్లీ మునిసిపల్. ఈసారి టోపీ లేదు. కుర్రాళ్ల చేతుల్లో ఓటరు లిస్టు ప్రింట్లు. ఒకడు మా అరుగు మీద కూర్చుని తిప్పుతుంటే చూశాను. షేక్, సయ్యద్, పఠాన్, మొఘల్, దూదేకుల అని ఇంటిపేరు పడిన ప్రతి వరుసా పచ్చ పెన్నుతో గీసి ఉంది. "ఇదేంది బేటా?" అంటే, "మనోళ్లెంతమందో లెక్క అన్నా" అన్నాడు. "మనోళ్లు" అన్న లఫ్జ్ అంత చల్లగా ఎప్పుడూ వినలేదు.

మూడోది 2024. అప్పటికి సాబ్ కండువా మార్చారు. ఊరికి అటువైపు, గుడి సెంటర్లో సభ. నేను రిపోర్టర్‌గా వెళ్లాను. మైకు అందుకుని అన్నారు కదా: "ఈ మట్టిలో పుట్టి, ఈ నీళ్లు తాగి, పేర్లు మాత్రం అరబ్బుల పేర్లు పెట్టుకుంటారు. పేరే పరాయిదైతే మనసు మనదెట్లయితది?" చప్పట్లు. నోట్‌బుక్‌లో ఉన్నదున్నట్టు రాసుకున్నాను. మర్నాడు పేపర్లో మా డెస్క్ దాన్ని "ప్రత్యర్థులపై నిప్పులు చెరిగారు" అని మార్చింది. ఏ నిప్పులు, ఎవరి మీద అన్న సవాల్ ఎవరికీ రాలేదు.

అందుకే ఆ జవాబ్ ఇక్కడ రాస్తున్నా.

సాబ్, పదేళ్ల కిందట మా అమ్మీల ముందు మీరు చూపించిన పేరు ఏ జబాన్‌ది? దర్గా మొక్కుల పేర్లు మన సీమలో, నెల్లూరులో, గుంటూరులో ఎన్నో ఉన్నాయి. ఒక్కొక్కటి విప్పి చూద్దాం. దస్తగిరి: "దస్త్" అంటే చెయ్యి, "గీర్" అంటే పట్టుకునేవాడు. చెయ్యి పట్టి ఆదుకునేవాడు. ఖాలిస్ ఫార్సీ. బాగ్దాద్‌లో 1166లో వఫాత్ అయిన షేక్ అబ్దుల్ ఖాదిర్ జీలానీకి జనం ఇచ్చుకున్న బిరుదు. బాగ్దాద్ ఎక్కడ, దస్తగిరి రెడ్డి ఎక్కడ! మధ్యలో ఏ సైన్యమూ వచ్చి ఆ పేరు పెట్టించలేదు. ఒక తల్లి మొక్కుకుంది, అంతే. మస్తాన్: "మస్త్" నుంచి వచ్చింది, రబ్బు ప్రేమలో ఒళ్లు మరిచినవాడని మానీ. కసుమూరు దర్గాకు వెళ్లొచ్చినవాళ్ల ఇళ్లలో మస్తానయ్యలు, మస్తానమ్మలు, మస్తాన్ రెడ్డిలు ఎంతమంది! రాజ్యసభకు వెళ్లిన బీద మస్తాన్ రావు పేరు అదే. నూరేళ్లు దాటాక యూట్యూబ్‌లో కట్టెల పొయ్యి మీద వండి, ప్రపంచమంతా చూసేలా చేసి, 2018లో కన్నుమూసిన కర్రె మస్తానమ్మ పేరూ అదే. వాళ్ల మనసు పరాయిదా?

నాగూర్ అన్నది మనిషి పేరే కాదు, ఊరి పేరు. తమిళనాడులో నాగపట్నం పక్కన షాహుల్ హమీద్ దర్గా ఉన్న ఊరు. దాన్నుంచి మనకు నాగూర్ మీరా, నాగుల్ మీరా, నాగూర్ బీ వచ్చారు. ఇక కుల్లాయప్ప. అనంతపురం జిల్లా గూగూడులో మొహర్రం పీరు. కుల్లాయి అంటే టోపీ అని సీమలో పిల్లాడికీ తెలుసు. ఆ కుల్లాయి ఫార్సీ "కులాహ్". వెనకున్న "అప్ప" ఎక్కడిదో చెప్పక్కర్లేదు. ఒకే పేరులో రెండు జబాన్లు పక్కపక్కన కూర్చుని ఉన్నాయి, ఒకే అరుగు మీద ఇద్దరు ముసలోళ్లు కూర్చున్నట్టు. వాళ్లను లేపి ఎవరిల్లు వాళ్లకు పొమ్మనడానికి మీరెవరు?

మీ తఖ్రీర్ కూడా లెక్కపెట్టాను. జిల్లా: అరబీ. జిందాబాద్: ఫార్సీ. రాజీనామా చెయ్యాలని సవాల్ విసిరారు: "రాజీ" అరబీ, "నామా" ఫార్సీ, సవాల్ మళ్లీ అరబీ. ఈ లఫ్జులన్నీ తీసేస్తే మీ సభలో మైకు టెస్టింగ్ తప్ప ఏం మిగిలేది? అంతెందుకు, ఎవరి తరఫున మాట్లాడుతున్నానని మీరు గుండె మీద చెయ్యి వేసుకున్నారో ఆ "హిందూ" అన్న మాటే సింధు నది పేరును ఇరానీలు పలికిన తీరు. నేను దాన్ని పరాయి మాట అనడం లేదు. వేల ఏళ్లుగా వాడుకున్నారు, అది వాడుకున్నవాళ్లది. అదే ఇన్సాఫ్ మా పేర్లకూ ఇవ్వండి అంటున్నా.

నెహ్రూగారి పేరులో జవాహర్ అరబీ మాట, మణులు అని మానీ. దాని అసలు ఫార్సీ గౌహర్. లాల్ బహదూర్ శాస్త్రిలో బహదూర్, పటేల్ ముందున్న సర్దార్, రెండూ ఫార్సీ దారిన వచ్చినవే. మహారాష్ట్రలో ఫడ్నవీస్ అన్న ఇంటిపేరు ఫర్ద్-నవీస్, అంటే దఫ్తర్‌లో చిట్టా రాసేవాడు. ఇటునుంచి అటు కూడా చూడండి. ప్రపంచంలో ముస్లింలు అందరికంటే ఎక్కువున్న దేశాల్లో ఇండోనేషియా ఒకటి. 2001 నుంచి 2004 దాకా దాని ప్రెసిడెంట్ మేఘావతి సుకర్ణోపుత్రి. ఆమె ముస్లిం. పేరులో మేఘం ఉంది, కర్ణుడున్నాడు, పుత్రి ఉంది.  పెషావర్‌లో పుట్టిన యూసుఫ్ ఖాన్ సినిమాల్లో దిలీప్ కుమార్ అయ్యాడు. మద్రాసులో పుట్టిన దిలీప్ కుమార్ ఏ.ఆర్. రహమాన్ అయ్యాడు, కడప పెద్ద దర్గాకు వచ్చి సలాం చేసి పోతుంటాడు. పేరు మనిషిని ఎటు తీసుకుపోతుందో మీ పచ్చ పెన్నుకు తెలియదు సాబ్.

నాకు బాగా ఇష్టమైన పేరు ఒకటుంది: షేక్ చినమౌలానా. ఒంగోలు దగ్గర కరవది ఆయన ఊరు. శ్రీరంగంలో స్థిరపడి రంగనాథుడి గుడిలో నాదస్వరం వాయించారు, పద్మశ్రీ అందుకున్నారు. "మౌలానా" అరబీ. ముందు ఆ "చిన" చూడండి! తెలుగింట్లో తప్ప ఆ లఫ్జ్ అక్కడికి ఎట్లా వస్తుంది? పెద హుసేను, నడిపి హుసేను, చిన హుసేను అని ముగ్గురు అన్నదమ్ములను పిలిచే తహజీబ్ మక్కాలో లేదు, లక్నోలో లేదు. ఇక్కడే ఉంది.

ఇక "అరబ్బుల పేర్లు" అన్న ఇల్జామ్. ఫిరోజ్, పర్వేజ్, పర్వీన్, షిరీన్ ఫార్సీ. రుస్తుం, జంషీద్ ఇస్లాం రాకముందు ఇరాన్‌లో పుట్టిన పేర్లు. ఖాన్, బేగం తుర్కీ దారిలో వచ్చాయి. చెంఘిజ్ ఖాన్ ముస్లిం కానే కాదు. ఇబ్రాహీం, మూసా, యూసుఫ్, మర్యం పేర్లను మన పక్క చర్చిలో అబ్రహాం, మోషే, యోసేపు, మరియమ్మ అంటారు. వాళ్ల తాతలు, మా తాతలు ఎన్ని కాలాల కిందటి పేర్లు మోస్తున్నారో లెక్క వెయ్యండి. అప్పుడు "పరాయి" అన్న మాటకు మానీ ఏమిటో నాకూ చెప్పండి.

సాబ్‌కు చెప్పాల్సింది అయింది. ఇప్పుడు కోపం ఇంటివైపు తిప్పుతాను. కొందరికి నచ్చదు, మాఫ్ చెయ్యండి.

పోయినేడు మా ఖానదాన్‌లో ఒక అఖీఖా. ఏడో రోజు, పిల్ల తల గీయించి పేరు పెట్టాలి. మా ఖాలా వాళ్ల అత్తగారి పేరు పెడదామంది. మాబున్నీ. గదిలో ఉన్న కుర్రకారు ఒకటే నవ్వు. సౌదీ నుంచి సెలవు మీద వచ్చిన అబ్బాయి ఫోన్ తీసి, "అది పల్లెటూరి పేరు, ఇస్లామీ పేరు కాదు" అని ఒక లిస్టు చదివాడు. ఆ లిస్టులో ప్రతి రెండో పేరుకూ మానీ "అల్లాహ్ కానుక" అని ఉంది. నేను అడిగాను: "బేటా, మాబున్నీ అంటే ఏంది?" తెలియదన్నాడు. మహబూబున్నిసా. స్త్రీలలో ప్రియమైనది. మొదటి అక్షరం నుంచి చివరి అక్షరం దాకా అరబీ. మన దాదీలు, నానీలు నాలుక మీద నూరి నూరి, సీమ ఎండలో ఆరబెట్టి, మాబున్నీ చేశారు. మహబూబ్ సుభానీని మాబూసుభాని చేశారు, పాదుషాను బాషా చేశారు. అరబీ అని ఒకాయన తిడుతున్నాడు, అరబీ కాదని ఒకాయన నవ్వుతున్నాడు. ఇద్దరికీ తెలియనిది ఆ పేరు మానీయే.

నేను ఆలిమ్‌ను కాను. పీర్ బక్ష్ లాంటి పేర్లు అఖీదా రీత్యా సరైనవా కావా అన్న బహస్‌లోకి దిగను, అది ఆలిములను అడగాల్సిన విషయం. కానీ ఒక్క సంగతి చదువుకున్నాను. ప్రవక్త ముహమ్మద్ (స) కొందరి పేర్లు మార్చారు. మాట వినని మనిషి అనే మానీ ఉన్న ఆసియా పేరును జమీలా చేశారు. హజ్న్, అంటే గరుకు నేల అనే పేరున్నాయనకు సహల్ అని పెట్టుకొమ్మంటే, మా నాయన పెట్టిన పేరు మార్చనన్నాడు. ఆయనను బలవంతపెట్టలేదు. చూసింది పేరు మానీ బాగుందా లేదా అని. ఉమర్, ఉస్మాన్, హంజా, ఖాలిద్ పేర్లు వాళ్లకు ఇస్లాం రాకముందే అమ్మానాన్నలు పెట్టినవి. ఆ మనుషుల వల్ల అవి మనకు పవిత్రమయ్యాయి. సూర హుజురాత్‌లో ఒకరినొకరు చెడ్డ పేర్లతో పిలవకండని ఉంది. ఆ ఆయత్ మనకు ఖుత్బాలో వినిపిస్తుంది, గల్లీలో వినిపించదు.

ఈ మాట ఊరికే అనడం లేదు. ఆరో తరగతిలో మా ఉర్దూ మీడియం స్కూల్లో ఒకడు చేరాడు. దూదేకుల వాళ్ల అబ్బాయి. పేరు కుల్లాయప్ప. హాజరు పిలిచిన రోజు క్లాసంతా ఘొల్లుమంది. "క్యా జీ, అప్పా?" అని ఏడిపించాం. నేనూ ఏడిపించాను. ఉర్దూ సరిగా రాదని, పేరులో అప్ప ఉందని, వాణ్ణి నమాజ్‌లో వరుస చివరకు నెట్టాం. ఒక టీచర్ జాలిపడి రిజిస్టర్‌లో వేరే పేరు రాస్తానన్నారు. వాడు వద్దన్నాడు. ఏడో తరగతికి తెలుగు మీడియంకు పోయాడు.

2024లో గుడి సెంటర్ సభలో వాడే కనిపించాడు. ఆటో నడుపుకుంటున్నాడు. ఆటోకు సాబ్ జెండా. "ఏం రా, మన పేర్లను తిడుతున్నాడు, నువ్వేమో జెండా కట్టావు" అన్నాను. వాడు కోప్పడలేదు. "మీ పేర్లను తిడుతున్నాడు. నా పేరు మీ దాంట్లో ఎప్పుడుండింది?" అన్నాడు.

నా దగ్గర జవాబ్ లేదు. ఈ రోజుకూ లేదు.

దూదేకుల వాళ్లు, నూర్‌బాషాలు తరతరాలుగా పీరయ్య, హుసేనయ్య, కుల్లాయప్ప అని పేర్లు పెట్టుకుని, రంజాన్‌లో రోజా ఉండి, మనతో పాటు ఖబరస్తాన్‌లో నిద్రపోయారు. మనం వాళ్ల పేర్లకు నవ్వాం, సంబంధాలు కలుపుకోలేదు. ఇప్పుడు ఒకాయన వచ్చి మన పేర్లకు నవ్వుతుంటే మనకు ఇజ్జత్ గుర్తొచ్చింది.

సరే, ఏం చెయ్యాలి? గొంతు చించుకోవడం కాదు. చట్టం ఉంది. ప్రజాప్రాతినిధ్య చట్టం 123(3) సెక్షన్ ప్రకారం అభ్యర్థి గానీ, ఆయన ఏజెంటు గానీ, ఆయన సమ్మతితో ఇంకెవరైనా గానీ మతం, కులం, భాష పేరు చెప్పి ఓటు వెయ్యమన్నా, వెయ్యొద్దన్నా అది అక్రమ పద్ధతి. అభ్యర్థి మతం ఒక్కటేనా, ఓటరు మతం కూడానా అన్న బహస్ 2017 జనవరి 2న తేలింది. సుప్రీంకోర్టులో ఏడుగురు జడ్జీల బెంచ్, నలుగురు ఒకవైపు, ముగ్గురు ఒకవైపు. ఓటరు మతం కూడా అందులోకే వస్తుందని ఫైసలా. ఫలితం వచ్చిన 45 రోజుల్లోపు ఆ నియోజకవర్గం ఓటరు ఎవరైనా హైకోర్టులో పిటిషన్ వెయ్యొచ్చు. ఆ సభలో ఫోన్లు వందలున్నాయి. మనవాళ్లు కూడా ఉన్నారు. ఎవరూ రికార్డు చెయ్యలేదు. నా నోట్‌బుక్ నా దగ్గరే ఉంది, నేనూ కోర్టుకు పోలేదు. 45 రోజులు పోయాయి. ఈ ఇల్జామ్ నా మీద కూడా.

రెండోది ఇంకా చిన్న పని, ఇంకా ముఖ్యమైన పని. ఆ పచ్చ గీతల లిస్టు నేను తిప్పి చూశానన్నాను కదా. నా గుండె పచ్చ గీతలకు కాదు, స్పెల్లింగులకు జారింది. ఒకే ఇంట్లో తండ్రి పేరు ముగ్గురు కొడుకుల వరుసల్లో మూడు రకాలు. మస్తాన్ వలి, మస్తాన్ వల్లి, మస్థాన్ ఒలీ. మహబూబున్నిసా ఓటరు కార్డులో మాబుని, ఆధార్‌లో మాబున్నీ, రేషన్ కార్డులో ఒట్టి షేక్. లిస్టులోంచి ఓటు తీసెయ్యమని ఫారం-7 ఎవరి మీదైనా వెయ్యొచ్చు. అప్పుడు విచారణకు వచ్చినవాళ్లకు మనం మూడు కార్డులు, మూడు పేర్లు చూపిస్తాం. మన పేరును మైకులో తిట్టినవాడి మీద కోపం వస్తుంది, మన పేరును తప్పు రాసిన గుమాస్తా మీద రాదు, సరిచూసుకోని మన మీద అసలే రాదు. తప్పులు దిద్దడానికి ఫారం-8 ఉంది. పైసా ఖర్చు లేదు. జుమా తర్వాత మస్జిద్ వరండాలో ఒక బల్ల వేసి, డిగ్రీ చదివే ఇద్దరు పిల్లలను కూర్చోబెడితే నెలలో మొహల్లా అయిపోతుంది. అప్పుడు దూదేకుల గల్లీకి కూడా ఆ బల్ల తీసుకుపోవాలి. రమ్మని కబురు పంపడం కాదు, మనమే పోవాలి.

మొన్న శనివారం మా అబ్బాది నేనే నింపాను. మా దాదీ కసుమూరుకు మొక్కుకుని పెట్టిన పేరు, కార్డులో "మస్తా నవలి" అని పడి ఉంది. డెబ్బై తొమ్మిదేళ్ల మనిషి, ఇన్నేళ్లూ ఆ పేరుతోనే ఓటేసి వచ్చారు, ఎవరికీ ఒక మాట అనలేదు. బీఎల్వో మేడమ్ మా వీధి అంగన్‌వాడీ టీచరే. ఫారం చేతికిచ్చాక ఆమె పెన్ను ఆపి, "మస్తాన్ వలి కలిపి రాయాలా, విడిగా రాయాలా సార్?" అని అడిగారు. విడిగా అన్నాను, మానీ కూడా చెప్పాను. "మా మరిది మస్తానయ్యది కూడా ఇట్లే 'మస్త నయ్య' అని పడింది సార్, పోయిన వారమే రాసినా" అని, సంచీలోంచి ఆ ఫారం తీసి, మా అబ్బాది దాని కింద పెట్టి, రెండూ కలిపి పిన్ను కొట్టబోయి, మళ్లీ వద్దనుకుని రబ్బరు బ్యాండ్ వేశారు.